బదులు తీసేసిన మనిషి

మా చిన్నాయన మీద కసి తీర్చుకోవడానికి నేను ఒక లోకాన్నే కల్పించాను. నాలుగు తిట్లు తిట్టి ఊరుకోవచ్చు. కానీ తిట్లు ఆయనకు దున్నపోతు మీద వాన.

నాయన కేజీఎఫ్ బంగారు గనిలో పనిచేశాడు. గని మూతపడ్డాక కూడా గని కూలీల లైన్లలోని ఆ రెండు గదుల ఇంట్లోనే ఉండిపోయాం. పక్షవాతం వచ్చి ఆయనకు మాట పడిపోయింది. ఒళ్లంతా చచ్చుపడి, ఎడమ చేతి వేళ్లు మాత్రం మిగిలాయి. నేను తెల్లవారే రైల్లో బెంగళూరుకు ఉద్యోగానికి వెళ్లి చీకటి పడ్డాక వచ్చేదాన్ని. పగలంతా ఆయనకు తోడు అమ్మే. మొదట్లో అమ్మ ఆయనతో ఒకటే మాటలు. రేషన్ షాపులో ఎవరు ఎవరిని తోశారు, చారులో ఉప్పు ఎందుకు ఎక్కువైంది, అన్నీ చెప్పేది. ఆయన వేలితో మంచం ఇనుప పట్టీని తడుతూ ఉండేవాడు. నేను తిరిగి తడితే కాసేపు ఆగి, నా వైపు చూసేవాడు.

చిన్నాయనది కామసముద్రం. మామిడితోట, పట్టుపురుగుల షెడ్డు ఉన్నాయి. వయసులో ఉన్నప్పుడు కొన్నేళ్లు నాయనతో పాటు గనిలోకి దిగి, తరవాత సేద్యానికి వెళ్లిపోయాడు. అందుకే మా ఇంట్లో ఆయన మాటంటే వేదం. ఒక ఆదివారం వచ్చి మంచం పక్కన కూర్చున్నాడు. పనసకాయ పండిందో లేదో చూసినట్టు నాయన నుదుటి మీద వేలి కణుపుతో తట్టాడు.

"లోపల ఏమీ లేదు వదినా. ఇంగ ఇది మొద్దే. నువ్వు ఊరికే గొంతు చించుకుంటా ఉండావు."

"మరి ఆ వేలు?" అన్నాను.

"అది నరం అదిరేది పాపా. తల తీసినాక కోడి కాళ్లు కొట్టుకోవా?"

ఇదంతా నాయన ఎదురుగానే. నాయన కళ్లు ఆయన మొహం మీదే ఉన్నాయి. ఆ చూపు నేను చచ్చేదాకా మరిచిపోను.

అమ్మ బాగా ఏడ్చింది. ఆ తరవాత మాట్లాడటం మానేసింది. కడగడం, తినిపించడం, పక్క మార్చడం, దేనిలోనూ లోటు చేయలేదు. నోరు మాత్రం విప్పేది కాదు. ఒంటరితనం ఓర్చుకోలేక టీవీ పెట్టుకుని కూర్చునేది. నేను ఎంత పోరినా, "గనిలో దిగినోడికి తెలీదా, నీకు తెలుసునా?" అనేది. ఆ మౌనంలోనే నాయన పోయాడు. అంతకు ముందే వేలు ఆగిపోయింది. చావింట్లో అందరికన్నా గట్టిగా ఏడ్చింది చిన్నాయనే. చిన్నాయన నుదుటి మీద నేనూ ఒకసారి తట్టి చూద్దామనిపించింది.

రైల్లో పొద్దు పోవడానికి నేను ఫోన్ యాప్‌లో సీరియల్ కథలు రాసేదాన్ని. మాయలు, రాజులు, రెక్కల గుర్రాలు. నాయన పోయిన నెల నుంచి రాజులను పక్కన పెట్టాను. ఒక కొండ కడుపులో ఊరు కట్టాను. అక్కడివాళ్లకు సూర్యుడు వినికిడి మాటే. వాళ్లకు ఒక తత్వం ఇచ్చాను, బదులు దర్శనం అని. దాని ప్రకారం తెలివి, అంటే స్పృహ, తలలో ఉండదు. ఒకరు తట్టిన తట్టుకూ, ఇంకొకరు ఇచ్చే బదులుకూ మధ్య ఉంటుంది. అన్నదమ్ముల ఉమ్మడి బావి లాంటిది, ఒక్కడిది కాదు. బిడ్డ పుట్టగానే మంత్రసాని అరికాలు తట్టి, బదులు వచ్చేదాకా కాచుకోవాలి. ఊపిరి ఆగితే చావు కాదు. తట్టేవాళ్లు మానేసిన రోజే చావు. ఇది పూర్తిగా నా బుర్రలో పుట్టిందని చెప్పను. గనిలో రాయి కూలితే అవతల చిక్కుకున్నవాళ్ల కోసం గాలి గొట్టం మీద తట్టి చెవి పెట్టేవాళ్లమనీ, అట్లా తట్టి చూడకుండా ఎవరినీ పోయాడని అనకూడదనీ నాయన చెప్పేవాడు.

ఆ ఊళ్లో ఒకటే మహాపాపం. ఎదుటి మనిషిని చూసి లోపల ఏమీ లేదనడం. దానికి శిక్ష, బదులు తీసేయడం. ఆ మనిషిని కొట్టరు, తరమరు. అన్నం పెడతారు. కానీ అతని మాటకు ఊళ్లో ఎవరూ పలకరు. కొన్నాళ్లకు, నేను అసలు ఉన్నానా అని వాడికే అనుమానం వస్తుంది.

ఆ పాపిని చిన్నాయన లాగే రాశాను, దాచలేదు. కూర్చునే ముందు గొంతు సవరించుకోవడం, టవలు విదిలించి భుజాన వేసుకోవడం, పండు వాసన చూసి పెదవి విరవడం, అన్నీ పెట్టాను. వాడు తలుపు తలుపూ తట్టి ఏడ్చే అధ్యాయం రాసిన రోజు నాకు కడుపు నిండా అన్నం సహించింది.

యాప్‌లో కథ చదివి వినిపించే ఏర్పాటు ఉంది. చిన్నాయన మనవరాలు పట్టుపురుగులకు ఆకు వేస్తూ దాన్ని గట్టిగా పెట్టుకుని విన్నదట. షెడ్డులో ఉన్నవాళ్లంతా ఆ పాపి ఎవరో గుర్తుపట్టారు. ఇంక చెప్పాలా? బస్టాండులో, పాల డెయిరీ దగ్గర కుర్రవాళ్లు ఆయన పలకరిస్తే ఉలకరు పలకరు. మొదట సరదాకే. తరవాత అది అలవాటైంది. ఆ సంగతి విని నేను మనసారా సంతోషించాను.

ఒక ఆదివారం మధ్యాహ్నం ఆయనే వచ్చాడు. చిక్కిపోయాడు. నేను గడపలో నిలబడ్డాను.

"పాపా, నీ కతలో వాడు నేనేనా?"

నేను పలకలేదు. శిక్ష నా చేతిలో ఉంది కదా, ఎందుకు వదులుతాను? ఆయన మెట్టు మీద కూలబడ్డాడు. నేల చూస్తూ చెప్పాడు.

"అది నరం కాదు పాపా. గంట. గనిలో మనుషులెక్కే ఇనుప బోను ఉంటాదే, దాన్ని లాగమని కొట్టే గంట. మనుషులుండారు, పైకి తీయండి అని. అన్న పొద్దంతా అదే కొడతా ఉండె. నన్ను తీసేయండి, ఈ బతుకు చాలు అని. నేను ఎట్ల తీసేది? మీ అమ్మకు తెలిస్తే ఓర్చుకుంటాదా? తెలివి లేదంటే ఆయమ్మకు కొంచెం నెమ్మదిగా ఉంటాదని అనేసినాను."

జాలి కలగలేదు. కోపం రెండింతలైంది. తెలియక అన్నవాడికే నేను అంత శిక్ష రాశాను. తెలిసి అన్నవాడికి సరిపోయే శిక్ష నా లోకంలో కూడా లేదు.

"గంట కొడితే పైనున్నవాడు తిరిగి కొట్టాలని నాయన చెప్పేవాడు. విన్నాను అని నువ్వు ఒకసారి తట్టి ఉండొచ్చు కదా చిన్నాయనా."

"తడితే, తీస్తాననుకుంటాడు గదమ్మా."

అయినా వదలలేదు. ఆయన భయమంతా అమ్మకు తెలుస్తుందనేనని అప్పటికి నాకు అర్థమైంది.

"లోపలికి రా. ఇదంతా అమ్మకు చెప్పు."

"వద్దు పాపా. నన్ను ఏమన్నా చెయ్యి, అది మాత్రం వద్దు."

చెయ్యి పట్టుకుని వంటింటి దాకా తీసుకుపోయాను. అమ్మ రాగి సంకటి కెలుకుతోంది. ఆయన తడబడుతూ చెప్తూ ఉంటే నేను ఆయన మొహమే చూస్తూ నిలబడ్డాను. అది నలిగిపోవడం చూడాలని. నలిగింది. ఆశపడ్డదంతా దక్కింది.

అమ్మ పొయ్యి ఆపింది. ఆయనను ఒక్క మాట అనలేదు.

"అంటే ఆయనకు అంతా వినిపిస్తా ఉండెనా అప్పా?"

చిన్నాయన తలూపాడు.

"నేను ఆయన పక్కనే కూర్చోని టీవీ చూసి నవ్వుతా ఉంటినే."

చిన్నాయన టవలు తీసుకుని బస్సుకు వెళ్లిపోయాడు. అమ్మ సంకటి గిన్నె మీద మూత పెట్టి, నాయన మంచం ఉండిన గోడ దగ్గర నేల మీద కూర్చుంది. నేను పక్కకు వెళ్లి కూర్చున్నాను. అమ్మ నా వైపు తిరిగింది.

"ఇది నాకెందుకు చెప్పించినావు పాపా?"