మంచుకొండల్లో నేను కొట్టిన ఊ

మొన్న అనంతపురంలో కాలేజీ పిల్లలకు మేము ఎప్పుడో తీసిన హిమాలయాల సినిమా వేసి చూపిస్తే, అంతా అయ్యాక ఒక అమ్మాయి లేచి, "సార్, ఆ అవ్వ కత చెప్తాంటే ఎనకాల ఎవురో ఊ, ఊ అంటాండారు. అది తీసేసేది మర్చిపోయినారా?" అని అడిగింది. మర్చిపోలేదమ్మా, ఆ గొంతు నాదే, ఆ సినిమాకు నేను రాసిన మాటలన్నిటిలో పనికొచ్చింది అదొక్కటే అన్నాను. పిల్లలు నవ్వారు గానీ, నా వయసువాళ్లకు దీన్ని విడమరచి చెప్పనక్కర లేదు.

ఆ రోజుల్లో నేను సినిమాలకు కథలు రాసేవాణ్ణి. ఒక మంచుకొండ పల్లెలో గొర్రెలకాపరుల పాత కథ పూర్తిగా తెలిసిన మనిషి ఒక్క ముసలావిడే మిగిలిందని విని, అది ఆమెతోనే పోకూడదని, సౌండు రికార్డు చేసే చిలమత్తూరు మిత్రుణ్ణీ ఒక కెమెరా అతన్నీ వెంటబెట్టుకొని బయలుదేరాను. మా ఊరు బెళుగుప్ప ఎండల్లో పెరిగిన ఒళ్లు ఆ చలికి గజగజలాడింది గానీ, గొర్రెల వాసన తగలగానే మా ఊరికి వచ్చినట్టే అనిపించింది.

తీరా మైకు పెట్టాక మిత్రుడు ఎవరూ గట్టిగా ఊపిరి కూడా తీయొద్దన్నాడు. ముసలావిడ నాలుగు మాటలు చెప్పి, మా మొహాలు చూసి ఆగిపోయేది. రెండు రోజులు అదే వరస. పెద్దతనం, మర్చిపోయి ఉంటుంది, మూటాముల్లె సర్దుకుందామన్నారు వీళ్లు. నాకు మాత్రం ఆ చూపు బాగా తెలిసిన చూపులా తోచింది.

చిన్నప్పుడు ఎండాకాలం మధ్యాహ్నాలు విత్తనానికి శెనక్కాయలు ఒలిచేటప్పుడు, పిల్లలం గింజలు తినెయ్యకుండా మా అవ్వ కథ చెప్పేది. ఊ ఆగిందంటే గింజ నోట్లో పడిందని లెక్క. "నోట్లో ఏముండాదిరా?" అని ఇలాగే చూసేది, మళ్లీ ఊ అంటే గానీ కథ కదిలేది కాదు.

మూడోనాడు ముసలావిడ ఆగినచోట, ఒక్క ముక్క అర్థం కాకపోయినా, ఊ అన్నాను. ఆమె చటుక్కున నావైపు తిరిగి కూర్చుంది. "ఏమన్నా, నోరు మూసుకోన్నా, అంతా పాడు చేస్తాండావు!" అని మిత్రుడు గుడ్లురిమినా నేను మానలేదు. పొద్దు వాలేసరికి కథ చివరి మాటదాకా వచ్చింది. ఈ చివర మేమూ ఎప్పుడూ వినలేదని ఆమె కోడలు వచ్చీరాని హిందీలో చెబుతూ కళ్లు తుడుచుకుంది. ముసలావిడ ఆ చలికాలమే పోయింది, కథ నిలిచింది. నా పనుల్లో ధైర్యంగా చెప్పుకోదగ్గది అదే.

మా అవ్వ కథ మాత్రం కాయలు ఒలవడంతో పాటే ఆగిపోయేది. "మిగతాది వచ్చే ఏడు చెప్తాలేరా" అనేది, వచ్చే ఏడు మళ్లీ మొదటినుంచే. వానలు తప్పిన ఏళ్లలో ఒలిచే కాయలూ లేవు, కథా లేదు. తర్వాత ఒలిచే మిషన్లు వచ్చాయి, నేను సినిమాల్లో పడ్డాను, అవ్వ పోయింది. ఎవరిదో మంచుదేశపు కథను చివరిదాకా విన్న నేను, గొర్రెల్ని తోలుకొని నీళ్లు వెతుక్కుంటూ పోయిన మా అవ్వ కథలోని ఏడుగురు అన్నదమ్ములకు ఆ నీళ్లు దొరికాయో లేదో తెలియకుండానే ముసలివాణ్ణయిపోయాను.