గోడ లేని దర్వాజ

మా ఇంటి ప్రహరీ మూడు వానాకాలాల్లో కూలిపోయింది. మొదట పడమటి పక్క, తర్వాత బజారు వైపు. రాళ్లు ఒక్కొక్కటే మాయమయ్యాయి. ఎత్తుకుపోయింది దళితవాడ వాళ్లేనని బాపు నలుగురిలో అనేవారు. పోయి అడగడం మాత్రం నామోషీ.

దర్వాజ నిలిచింది. టేకు తలుపులు, ఇత్తడి కడియాలు. అటూ ఇటూ గోడ లేకపోయినా మా ఇంటికి ఎవరొచ్చినా ఆ దర్వాజలోంచే రావాలని బాపు పట్టు. పాలు పోసే ఆమె, పోస్ట్‌మ్యాన్, చివరికి మేం కూడా ఖాళీ జాగాలో అడుగు పెట్టకుండా చుట్టు తిరిగి వచ్చేవాళ్లం. రామన్నపేట బంధువులు అది చూసి నవ్వితే నాకు ఒళ్లు మండేది. మిగిలింది ఆ ఒక్క మర్యాదే అనుకునేవాణ్ని.

తొంభైల మొదట్లో ఒక సాయంత్రం మా ఊరి బడి పంతులు జనాభా లెక్కలు రాసుకోవడానికి వచ్చాడు. దళితవాడ మనిషి. ఐదో తరగతి దాకా నాతోనే చదివాడు. సైకిల్ బజారులో నిలిపి, కాగితాలు చంకన పెట్టుకుని, ఖాళీ జాగా మీదుగా నేరుగా అరుగు దాకా నడిచాడు. బాపు లేచి అతన్ని కులం పేరుతో తిట్టారు. ఆ మాటలు ఇక్కడ రాయను. బజారులో బోరింగు దగ్గర బిందెలు పెట్టుకుని నిలబడ్డ ఆడవాళ్లంతా విన్నారు.

పంతులు కాగితాలు సర్దుకున్నాడు.

"మీ ఇంట్ల ఎంతమంది మనుషులున్నరో నాకు ఎరుకే. నేనే రాసుకుంట" అని వెళ్లిపోయాడు. మర్నాడు ఠాణాలో ఫిర్యాదు ఇచ్చాడు.

నల్లగొండలో మా పాత వకీలు ఫిర్యాదు నకలు చదివి కళ్లద్దాలు తీశాడు.

"ఇది కొత్త చట్టం దొరా. దీంట్ల ముందస్తు బెయిల్ ఉండది. సీదా జైలే."

బాపుకు డెబ్బై దాటాయి. షుగరు. ఆయన జైలు మెట్లెక్కడం నా ఊహకు అందలేదు.

"ఒక్క సందున్నది" అన్నాడు వకీలు. "తిట్టింది నలుగురికి కనవడే జాగల అయితేనే ఈ సెక్షన్ పడతది. ఇంటి లోపల, గోడ చాటున అయితే పడది. గప్పుడు ముందస్తు బెయిల్ అడగొచ్చు. మీ ఇంటికి గోడ ఉన్నది గద?"

"ఉన్నది" అన్నారు బాపు. అబద్ధమాడుతున్న జాడ ఆయన ముఖంలో లేదు.

వకీలు నా వైపు తిరిగాడు. "ఆ పూట పక్కనున్నది మీరే గద చిన్నదొరా. అఫిడవిట్ మీద మీ సంతకం గావాలె."

'ప్రహరీ గోడ లోపల, బయటివారెవరూ చూడ వీలులేని చోట' అని టైపు చేసి ఉంది. సంతకం పెట్టాను. బాపు నోటి నుంచి వచ్చిన మాట గురించి ఆ రోజు నేను ఒక్క క్షణం ఆలోచించలేదు. నా చింతంతా గోడ గురించే. ఆ మాట గురించి ఆలోచించడానికి చాలా ఏళ్లు పట్టింది.

జడ్జి తీర్పు చెప్పేముందు, జాగా చూసి రమ్మని పోలీసులకు చెప్పాడు. డీఎస్పీ సాక్షులుగా ఇద్దరు పంచులను, పంతులును వెంటబెట్టుకుని వచ్చాడు. నోరు మెదపొద్దని బాపుకు ముందే చెప్పి పెట్టాను. వాళ్లు జీపు దిగి ఖాళీ జాగా మీదుగా సగం దూరం వచ్చారో లేదో, బాపు కర్రతో అరుగు మీద కొట్టారు.

"ఆగుండ్రి! దర్వాజ ఆడుంది. మనుషుల లెక్క దర్వాజల నుంచి రాండ్రి!"

డీఎస్పీ ఆగి కాళ్ల కిందికి చూసుకున్నాడు. "మరి నేనెట్ల వచ్చిన పెద్దాయనా? గోడ దుంకి వచ్చిన్నా?"

"దుంకినవు సారూ! మాకందరికి కనవడ్డది" అంది బోరింగు దగ్గర ఒక ముసలామె. ఆడవాళ్లు పడి పడి నవ్వారు. పంచులూ నవ్వారు.

పంతులు నవ్వలేదు. నా దగ్గరికి వచ్చి మెల్లగా అన్నాడు. "రాళ్లు మా వాడోళ్లు ఎత్తుకపోయిన్రని మీ బాపు ఊరంత చెప్పె. ఇప్పుడు గోడ ఉన్నదని నువ్వు రాసిస్తివి. ఏదన్న ఒక్క మాట మీద ఉండు."

నేను తల దించలేదు.

బెయిల్ దరఖాస్తు కొట్టేశారు. రెండు రోజులకు పొద్దున్నే జీపు ఖాళీ జాగా మీదుగా అరుగు ముందుకే వచ్చి ఆగింది. బాపు ఉతికిన ధోవతి కట్టుకుని అరుగు దిగారు.

"ఎక్కుండ్రి" అన్నాడు కానిస్టేబుల్.

"నా ఇంట్లకెల్లి నేను దర్వాజల నుంచే పోత."

కర్ర ఊతంతో అంత దూరం నడిచి, దర్వాజ దాటి బజారులో నిలబడ్డారు. డ్రైవరు గొణుక్కుంటూ జీపు వెనక్కి తిప్పాడు. అప్పుడు గుర్తొచ్చింది, ఆయన మందుల సంచి అరుగు మీదే ఉంది. అందుకుని పరుగెత్తాను. జీపు కదిలేలోపు సంచి ఆయన ఒడిలో పెట్టాను.

బాపు నా ముఖం చూడలేదు. నా వెనక ఖాళీ జాగాను చూస్తున్నారు, నేను అడ్డంగా పరుగెత్తి వచ్చిన దారిని.