తవుడుకు కొన్న బిడ్డ, మనీలా పేరు

1956 జూన్‌లో నన్ను మలయాలో బటాంగ్ బెర్జుంటై దగ్గర ఒక రబ్బరు ఎస్టేటు ఆసుపత్రికి మిడ్‌వైఫ్‌గా వేశారు. మిడ్‌వైఫ్ అంటే కూలీల లైన్లలో పురుళ్ళు పోసే ముసలమ్మ అనుకునేరు. నాది చదువుకుని, పరీక్ష రాసి, సర్టిఫికెట్ తెచ్చుకున్న ఉద్యోగం. ఆ తేడా తెలియకుండా ఎవరైనా మాట్లాడితే నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. ఆసుపత్రి కూడా పెద్దగా ఊహించుకోకండి. ఒక వార్డు, ఒక కాన్పు గది, మందుల గది, వెనక నీళ్ళు కాచే పొయ్యి, అంతే. రోజువారీ పెత్తనం డ్రెస్సరుది. అతను డాక్టరు కాదు గానీ జ్వరాలకూ గాయాలకూ ఎస్టేటులో అతనే దిక్కు. అసలు డాక్టరు వారానికొకసారి కారులో వచ్చి, వార్డు చుట్టి, సంతకాలు పెట్టి వెళ్ళేవాడు. కాన్పులు మాత్రం నా చేతిలో ఉండేవి.

అవి ఎమర్జెన్సీ రోజులు. అడవిలో ఉన్న కమ్యూనిస్టులకు తిండి అందకుండా చెయ్యాలని ప్రభుత్వం మా ఎస్టేటు చుట్టూ ముళ్ళ కంచె వేసింది. కూలీల ఇళ్ళ వరసలు, వాటినే లైన్లు అంటారు, దుకాణం, ఆసుపత్రి అన్నీ కంచె లోపలే. ఒకే గేటు, దాని దగ్గర తుపాకీతో స్పెషల్ కానిస్టేబులు, ఆడవాళ్ళను తడిమి చూడడానికి ఒక ఆడమనిషి. లోపలికి ఏం తెచ్చినా చూసి పంపేవారు. బయటికి మాత్రం తిండిగింజ కదలకూడదు. రబ్బరు పాలు గీసేవాళ్ళు తెల్లారకుండా పనికి పోతూ ఇంత అన్నం మూట కట్టుకోవడానికి కూడా వీల్లేదు. పట్టుబడితే మందలించి వదిలేసే నేరం కాదది, జైలుకు పంపేవారు.

లైన్లలో ఎక్కువమంది తమిళులు. ఒక వరస మాత్రం శ్రీకాకుళం వైపు నుంచి తాతల కాలంలో వచ్చిన తెలుగువాళ్ళు. మా నాన్న ఇంకో ఎస్టేటులో కిరాణీ, అంటే గుమస్తా, కాబట్టి నేనూ ఆ మాటల మధ్యే పెరిగాను. ఆ వరసలో నూకాలు అనే ఆమెకు ముగ్గురు బిడ్డలు పుట్టారు. ఒక్కొక్కరూ పుట్టి వారం తిరగకుండా పోయారు. నేను వెళ్ళేసరికి నాలుగోసారి కడుపుతో ఉంది.

ఎలా పోయారని అడిగితే వాళ్ళ అత్త పైడమ్మ చెప్పింది. "ఏటి సెప్పమంటావు నర్సమ్మా. సుబ్బరంగా పాలు తాగే గుంట ఉన్నట్టుండి దవడ కట్టేసేది. ఒళ్ళంతా కర్రలాగ బిగిసిపోయేది. ముగ్గురికీ అదే." నాకు వేరే పరీక్ష అక్కర్లేకపోయింది. అది ధనుర్వాతం. బొడ్డు కొయ్యడానికి లైన్లో వాడే చాకు, కోశాక దాని మీద అద్దే పొయ్యి బూడిద, వాటితోనే లోపలికి వెళుతుంది. కత్తెర, దారం ఉడకబెట్టి, బొడ్డును స్పిరిట్‌తో తుడిచి, పొడి గుడ్డ కట్టి, అది ఊడిపడేదాకా ఎవరూ ముట్టుకోకుండా ఉంటే ఆ జబ్బు రాదు. ఇంత చిన్న సంగతికి ముగ్గురు బిడ్డలు పోయారు కదా అని నాకు ఏడుపూ వచ్చింది, కోపమూ వచ్చింది.

కాన్పు ఆసుపత్రిలోనే అని పట్టుబట్టాను. పైడమ్మ ఒప్పుకుంది గానీ ఒక షరతు పెట్టింది. పుట్టగానే బిడ్డను తవుడుకు అమ్మాలట.

తెలియనివాళ్ళ కోసం చెబుతాను. పుట్టినవాళ్ళు పుట్టినట్టే పోతుంటే మావైపు తరవాతి బిడ్డను ఇంకొకరికి అమ్మేస్తారు. కొనే మనిషి ఇంత తవుడు ఇచ్చి బిడ్డను తీసుకుంటుంది. అప్పటినుంచి ఆ బిడ్డ ఈ ఇంటిది కాదు, అంచేత మృత్యువు ఈ ఇంటికి వచ్చి వెతుక్కున్నా దొరకదు. పురుడు వెళ్ళాక తల్లి కొన్నామె గడప దగ్గరికి వెళ్ళి, తవుడు తిరిగిచ్చి, బిడ్డను తెచ్చుకుంటుంది. తవిటయ్య, తవిటమ్మ అన్న పేర్లు అలా వచ్చినవే. కొనే మనిషి పిల్లలందరూ బతికి ఉండాలన్నది నియమం.

పైడమ్మ ఎంచుకున్నది రెమీని. రెమీ మా ఆసుపత్రి అటెండెంటు, ఫిలిప్పీన్స్ మనిషి. అసలు పేరు రెమెడియోస్. మలయావాళ్ళకు ఫిలిప్పీన్స్ నుంచి వచ్చినవాళ్ళందరూ మనీలావాళ్ళే, అందుకని లైన్లలో ఆమె మనీలా అమ్మ. భర్త కౌలాలంపూర్ క్లబ్బుల్లో బూర వాయించేవాడు, ఇంటికి ఎప్పుడో ఒకప్పుడు వచ్చేవాడు. ఆమె కంచె బయట టౌన్లో చిన్న ఇంట్లో ఐదుగురు పిల్లలతో, కోళ్ళతో ఉంటూ సైకిలు మీద డ్యూటీకి వచ్చేది. బజార్లో నడిచే మలాయ్ భాష మాట్లాడేది, తమిళం పనికి సరిపడా వచ్చు.

ఎందుకామె అని అడిగాను. "ఐదుగురూ గుండ్రాయిల్లాగ ఉన్నారు. మన కులం కాదు, మన దేవుడు కాదు, మన మాట రాదు. ఆ ఇంటికాడ మన గుంట ఉంటాదని ఆ యముడికి మాత్రం ఎలా తెలుస్తాది?" అంది పైడమ్మ. ఆసుపత్రిలో ఇలాంటివి కుదరవని డ్రెస్సరు గొణిగాడు. కాన్పు లైన్లో అయితే బొడ్డు మీద బూడిద పడుతుంది, ఏది కావాలో మీరే చెప్పండి అన్నాను. సరే, కానివ్వండి అన్నాడు.

నవంబరులో ఆడపిల్ల పుట్టింది. చిన్నదే గానీ గట్టిగా ఏడ్చింది. బొడ్డు నేనే కత్తిరించి కట్టు కట్టాను. రెమీ ఇంటి నుంచి కోళ్ళకు వేసే తవుడు డబ్బాలో తెచ్చింది. లోపలికి తేవడానికి అడ్డు లేదు కనుక గేటు దగ్గర ఏమీ అనలేదు. పైడమ్మ చేటలో తవుడు పోయించుకుని, బిడ్డను రెమీ చేతిలో పెట్టి, వెనక్కి చూడకుండా వార్డు బయటికి నడిచింది. నూకాలు గోడవైపు తిరిగి పడుకుంది. ఇది ఉత్తుత్తి అమ్మకమేనని ఆమెకు తెలుసు, అయినా చూడలేకపోయింది.

ఇదంతా ఒక తతంగం, అయిపోయిందిలే అనుకున్నాను. బిడ్డ పాల కోసం వార్డులో తల్లి పక్కనే ఉంది. కొద్దిరోజులకు ఒక మధ్యాహ్నం బిడ్డ రొమ్ము పట్టడం మానేసింది. పైడమ్మ పరుగున వచ్చింది, కొంగులో బూడిద పొట్లంతో సహా. నేను కాన్పు గదిలో ఇంకో కేసు దగ్గర చేతులు కదపలేని స్థితిలో ఉన్నాను. తలుపు సందులోంచి కనబడుతూనే ఉంది. పైడమ్మ కట్టు విప్పబోయింది. రెమీ వెళ్ళి మంచానికి అడ్డంగా నిలబడింది. "ఇదు ఎన్ పిళ్ళె" అంది తమిళంలో, ఇది నా బిడ్డ అని. "నువ్వు అమ్మావు, నేను కొన్నాను. చెయ్యి తియ్యి."

నేనైతే గంటసేపు సూక్ష్మక్రిముల గురించి ఉపన్యాసం ఇచ్చేదాన్ని, పైడమ్మ వింటూనే బూడిద అద్దేది. ఈ ఒక్క మాటకు మాత్రం ఆమె చెయ్యి ఆగిపోయింది. అమ్మిన బిడ్డ మీద తనకు హక్కు లేదని ఆమెకు ఎవరూ నేర్పక్కర్లేదు. నేను బయటికి వచ్చి చూస్తే దవడ మెత్తగానే ఉంది. నాలుక మీద తెల్లగా నోటిపూత. మందు రాశాను. సాయంత్రానికి బిడ్డ మళ్ళీ పాలు తాగింది. నూకాలు అప్పుడు ఏడ్చింది, అన్నాళ్ళుగా ఆపుకున్నదంతా.

ఆ సాయంత్రమే రెమీ బిడ్డకు పేరు పెట్టింది. కొన్నామెదే పేరు పెట్టే హక్కు మరి. అమిహాన్ అంది. అదేం పేరని పొయ్యి దగ్గర కత్తెరలు ఉడకబెడుతూ అడిగాను. అప్పుడు చెప్పింది. వాళ్ళ తగలోగు భాషలో అమిహాన్ అంటే ఈశాన్యం నుంచి వీచే చల్లగాలి. వానలూ తుపానులూ తెచ్చే నైరుతి గాలి వెనకబట్టాక, ఏడాది చివర అది మొదలవుతుంది. ఉక్క తగ్గుతుంది, ఆకాశం తేటపడుతుంది, కోసిన వరిని ఆ గాలిలోనే తూర్పారబడతారు. సృష్టిలో అందరికంటే ముందు ఎగిరిన పక్షి పేరు కూడా అదేనని వాళ్ళ అమ్మమ్మ చెప్పేదట. వెదురు గెడలో చిక్కుకున్న మొదటి ఆడమనిషినీ మగమనిషినీ ఆ పక్షే బయటికి తీసిందట.

ఇంత మంచి పేరు నీ పిల్లల్లో ఒకరికి పెట్టుకోలేదేం అన్నాను. స్పానిషువాళ్ళు ఏలినన్నాళ్ళూ తమకు చర్చి పేర్లే అలవాటయ్యాయని, సొంత భాషలో పేరు పెట్టుకునేవాళ్ళు అరుదని చెప్పింది. పెద్దకూతురికి పెడదామనుకుంటే భర్త ఒప్పుకోలేదట, గాలి పేరేమిటి, పునీతురాలి పేరు పెట్టమన్నాడట. ఆ తరవాత మళ్ళీ ఆ మాట ఎత్తలేదు. "ఇప్పుడు నన్ను అడిగేవాళ్ళు లేరుగా" అని నవ్వింది. నాకు ఆమె మీద అప్పుడు చాలా ప్రేమ కలిగింది.

పురుడు వెళ్ళింది, బొడ్డు శుభ్రంగా ఊడింది, బిడ్డ ఒళ్ళు చేసింది. ఇక తిరిగి కొనుక్కోవడమే. ఆ పొద్దున రెమీ బిడ్డకు పాలు పట్టించుకుని తన ఇంటికి తీసుకుపోయింది, గడప తొక్కించాలి కనుక. నూకాలూ పైడమ్మా వెనకాల తవుడు తీసుకుని రావాలని ఏర్పాటు. తవుడు కూడా తిండి సరుకే అన్న సంగతి మాలో ఒక్కరికీ తట్టలేదు. కొన్నప్పుడు లోపలికి వచ్చింది, తిరిగి కొనాలంటే బయటికి పోవాలి.

గేటు దగ్గరి నుంచి నాకు కబురొచ్చింది. వెళ్ళేసరికి తడిమే ఆడమనిషి చేతిలో తవుడు మూట ఉంది. పైడమ్మ దాన్ని కోడలి చీర మడతల్లో కట్టింది. దాచి తీసుకుపోవడం మరీ పెద్ద తప్పు. కానిస్టేబులు మజీద్ మలాయ్ కుర్రవాడు, చెడ్డవాడు కాదు, కానీ పై ఆఫీసుకు ఫోను చెయ్యాలా వద్దా అని చెమటలు కక్కుతున్నాడు. ఫోను వెళితే నూకాలును జీపులో తీసుకుపోతారు. పాలు తాగే బిడ్డ కంచె బయట ఉండిపోతుంది.

తవుడు వదిలేసి చేతులు ఊపుకుంటూ వెళ్ళి బిడ్డను తెచ్చుకోండి అన్నాను. పైడమ్మ ససేమిరా అంది. "ఉత్త సేతుల్తో తెచ్చుకుంటే అది మళ్ళీ మనింటి గుంటే అయిపోతాది. ముగ్గురు పోనారు నర్సమ్మా. నాను సూడలేను." ఆమెను కసురుకోబోయి, ఆగి, మజీద్ వైపు తిరిగాను. ఆ ముగ్గురినీ పూడ్చినప్పుడు మట్టి వేసిన చెయ్యి ఆమెది.

మజీద్‌కు సంగతంతా మలాయ్‌లో చెప్పాను. అతను కాసేపు విని, చిన్నప్పుడు జబ్బుచేస్తే తన తమ్ముణ్ణి కూడా పక్కింటివాళ్ళకు ఇలాగే ఇచ్చారని అన్నాడు. అయినా తవుడు గేటు దాటకూడదు, అది తన చేతిలో లేదు అన్నాడు. అయితే దాటదు అని చెప్పి, టౌనుకు సైకిలు మీద మనిషిని పంపి రెమీని అక్కడికే రప్పించాను.

రెమీ బిడ్డతో వచ్చి గేటు అవతల ఆగింది. బిడ్డ ఆకలికి గుక్కపట్టి ఏడుస్తోంది. ఇవతల నూకాలు రవిక పాలతో తడిసిపోయింది. నా ఉపాయం చెప్పాను, ఇక్కడే ఇచ్చిపుచ్చుకోండి అని. పైడమ్మ అడ్డం పడింది, గడప కావాలి, గడప లేకుండా చెల్లదు అని. పెళ్ళైనప్పటి నుంచీ అత్తకు ఎదురు చెప్పని నూకాలు అప్పుడు మాట్లాడింది.

"అత్తా, ఇదే గడప. బిడ్డ ఏడుస్తంది."

తడిమే ఆమె చేతిలోంచి మూట లాక్కుని, గేటు కర్ర కింద, సరిగ్గా లోపలివైపున తవుడు కుమ్మరించింది. రెమీ అవతలి నుంచి వంగి, చెయ్యి చాపి, ఆ తవుడును వేళ్ళతో తాకి, బిడ్డను తల్లికి ఇచ్చేసింది. మజీద్ బూటుతో తవుడంతా జాగ్రత్తగా లోపలికి తోశాడు, పొడి కూడా బయటికి పోకుండా. నూకాలు అక్కడే కంచె పక్కన కూలబడి పాలిచ్చింది.

పైడమ్మ కళ్ళు తుడుచుకుని, ఇక దీని పేరు తవిటమ్మ అంది. రెమీ సైకిలు తిప్పుకోబోయింది. నూకాలు నావైపు తిరిగి, ఆవిడ పెట్టిన పేరుకు అర్థమేటని అడిగింది. చల్లగాలి, వడ్లు తూర్పారబట్టే గాలి అని చెప్పాను. "పొల్లు పోయి గింజ నిలిచే గాలి," అంది పైడమ్మ. "ఉంచండి. కొన్నావిడ పెట్టిన పేరు తీసేత్తే మనకెందుకు లేనిపోనిది." రెమీకి దాన్ని తమిళంలో నేనే చెప్పాను. ఆమె కంచెలోంచి పైడమ్మ చెయ్యి పట్టుకుంది.

మరుసటి ఏడు మెర్డెకా వచ్చింది. దేశం స్వతంత్రమైన ఆ నెలల్లో పిల్లల పుట్టుక కాగితాలు సరిచూసుకోవడానికి అందరూ ఎస్టేటు ఆఫీసుకు వచ్చేవాళ్ళు, నూకాలు కూడా నడక నేర్చిన కూతురితో వచ్చింది. అమిహాన్ అనే పేరు ఎందుకని గుమస్తా అడిగితే, మా పిల్లను కొన్నావిడ పెట్టిందండి అంది. అతను ముద్ర వేసి కాగితం ఇచ్చాడు. రెమీ కుటుంబం ఆ తరవాత కొంతకాలానికి మనీలా వెళ్ళిపోయింది. నాకు ఇంకో ఎస్టేటుకు బదిలీ అయింది.

బొడ్డు ఎలా కత్తిరించాలో ట్రైనింగులో నాకు బాగానే నేర్పారు. కత్తిరించిన తరవాత ఆ బిడ్డ మీద ఎవరి మాట చెల్లుతుందో కనుక్కోవాలని నేర్పలేదు. అది నేను ఈ కేసులో నేర్చుకున్నాను. ఆ తరవాత రిటైరయ్యేదాకా ఏ లైనుకు వెళ్ళినా ముందు ఆ మనిషి ఎవరో అడిగేదాన్ని. తల్లి కావచ్చు, అత్త కావచ్చు, తవుడిచ్చి కొన్న పరాయి మనిషి కావచ్చు. చేతులు కడుక్కోవడం, కట్టు కట్టడం మొదట ఆమెకే చూపించేదాన్ని.