కంబళి కప్పుకొని మార్చిన రీలు

నీళ్ల కోసం మూడు నెలలు కాచుకొని, తీరా నీళ్లు పడే పొద్దుకు కంబళి కప్పుకొని కూర్చున్న మొనగాడిని నేనే. టీ తాగతా వినండి, నవ్వొస్తే నవ్వండి.

శింగనమల పక్క పల్లెలో నాగప్పని ఒక రైతు బావి తవ్వతాండె. నేను కరువు మీద డాక్యుమెంటరీ తీస్తాండా కదా, ఆ బావిలో మొదటి ఊటే నా సినిమాకు ముగింపు అనుకున్నా. కెమెరా నేనే, డైరెక్టరు నేనే, పెట్టె మోసే కూలీ నేనే. వారానికోసారి బస్సెక్కి పోతాంటి. తవ్వేకొద్దీ రాయే. ఇందులోనూ నీళ్లు పడకపోతే ఇల్లు వదిలి బెంగళూరుకు కూలికి పోతానన్నాడు నాగప్ప. ఆ మాట విన్నాక సినిమా కంటే నీళ్లే ముఖ్యమనిపించింది. నిజం చెప్పాలంటే రెండూ సమానమే.

ఆపొద్దు మధ్యాన్నం అడుగున తడిమట్టి తగిలింది. సరిగ్గా అప్పుడే రీలు అయిపాయ! మిగిలింది ఇంకొక్కటే. మార్చాలంటే కటిక చీకటి కావాల, రవ్వంత వెలుతురు తగిలినా రీలు పాడైపోతాది. చేతులు దూర్చి రీలు మార్చే నా నల్లసంచి చినిగిపోయి ఉండాది. నాగప్ప తల్లి లక్ష్మమ్మనడిగి కంబళి తీసుకొని, నెత్తి మీద నుంచి కప్పుకొని గట్టున కూర్చున్నా. లోపల తడుముకుంటా తీసిన రీలు విప్పి, కొత్తది ఎక్కిస్తాండా. మిట్టమధ్యాన్నం కంబళి ముసుగులో మనిషి కదులుతాంటే చూసేవాళ్లు ఏమనుకుంటారు? చలిజ్వరమనే కదా! నాకు ఆ ఆలోచనే రాలేదు.

ఇంతలో బావిలోంచి కేక. నీళ్లు పడినాయని! నేను చేతులు ఇంకా గబగబా ఆడించినా. వణుకు ముదిరిందనుకుంది పాపం లక్ష్మమ్మ. మొదటి చెంబు పైకి రాగానే, కొడుక్కి కూడా ఇయ్యకుండా నా దగ్గరికి తెచ్చి, కంబళి ఎత్తేసింది.

"తాగు నాయనా. కొత్తనీళ్లు. జ్వరం దిగిపోతాది."

ఒళ్లో రెండు రీళ్లూ ఎండలో మెరుస్తాండాయి. తీసింది పాయ, తీయాల్సిందీ పాయ. కోపమొచ్చింది గానీ ఎవరి మీద చూపేది? ఆయమ్మ కళ్లనిండా నీళ్లు. చెంబు తీసుకొని తాగినా. బురద వాసన. అంత తియ్యటి నీళ్లు నేనెప్పుడూ తాగలేదు.

తర్వాతి వారం కొత్త రీలుతో పోయినా. అప్పటికే బావిలో మోకాటిలోతు నీళ్లు. ఇప్పుడే ఊట పడినట్టు నటించమని నాగప్పనడిగేదానికి నోరు రాలేదు.

మొన్న అనంతపురంలో సినిమా ఆడించినా. తెర మీద నాగప్ప తవ్వతా తవ్వతా ఉండంగానే సినిమా అయిపాయ. వెనక నుంచి ఒకాయన లేసినాడు.

"ఏమప్పా, కడాకు నీళ్లు పడినాయా, లేదా?"

"పడినాయన్నా."

"మరి యాడా చూపీలేదే?"

"నేను తాగేసినానన్నా."