కర్దనూర్ మలుపులో ఫైటర్లు

ఎనభైల్లో మా ఫ్యాక్టరీ షిఫ్టు ఇన్‌చార్జికి రెండో ప్రపంచయుద్ధం నాటి అమెరికా ఫైటర్ విమానాలంటే పిచ్చి. ఏం చెప్పినా అరచేతిని విమానంలా వంచుతూ చెప్పేవారు.

ఫ్యాక్టరీకొచ్చే దారిలో కర్దనూర్ మలుపు దగ్గరి కుక్కలకు జడిసి ప్యాకింగ్ ఆడవాళ్లు పొద్దుటి షిఫ్టు మానేస్తుంటే, సైకిళ్ల మీద మమ్మల్ని వాళ్లకు కాపలా పెట్టి, తనూ వచ్చేవారు. ఓ రోజు అరచెయ్యి వంచారు.

“మొదట్ల ఫైటర్లు బాంబర్ల పక్కపొంటే పోయేటివి. అటెన్క ఆర్డర్ మార్చిండ్రు, ముందుగాల పోయి దుష్మన్‌ను తరుమున్రి అని. మనం గూడ గట్లనే పోదాం.”

ఆడవాళ్లను వెనక వదిలి ముందుకెళ్లాం. కుక్కలే మమ్మల్ని పొలాల్లోకి తరిమాయి. రొప్పుతూ గేటు చేరేసరికి ఆడవాళ్లు తీరిగ్గా చాయ్ తాగుతున్నారు.

ఆయన అరచెయ్యి నేలచూపు చూసింది. “కుక్కలు మీ దిక్కు వొచ్చినయా?”

“ఒక్కటి గూడ రాలే సార్.”

అరచెయ్యి మళ్లీ గాల్లోకి లేచింది.

“రేపు గూడ గిదే ఆర్డర్.”