పెద్దక్క పాట ఆగే చోటు

ముందే చెబుతున్నాను, ఆ పాట గురించి నా ముందు ఎవరైనా తప్పుగా మాట్లాడితే నాకు ఒళ్లు మండుతుంది. టీవీవాళ్లయినా సరే, మా చర్చి పిల్లలైనా సరే. ఆ పాటలో డ్రమ్ములూ గిటార్లూ అన్నీ టక్కున ఆగిపోయి, "ఓ..." అని ఒక్క గొంతు మాత్రమే మిగిలే చోటు ఒకటుంది చూడండి, జనమంతా దానికోసమే కాచుకుని ఉంటారు కదా, అది నా వల్ల వచ్చింది. నా పేరు కృపాకుమారి. కలుపు కూలికి పోతాను. అయినా ఇది నా కథ కాదు, మా పెద్దక్క కథ.

పెద్దక్క అనేది వరుస కాదు, ఆమె పేరే అది. బుక్కరాయసముద్రం చెరువు దాటి లోపలికి పోతే వచ్చే మా ఊళ్లో ఆడవాళ్ల కూలి జట్టుకు ఏళ్ల తరబడి ఆమే పెద్ద. మనిషి పొడుగు, మాట కరుకు. గొంతెత్తిందంటే పక్క చేలో మేసే గొర్రెలు కూడా తలెత్తి చూసేవి. రైతు ఎవరైనా నోరు జారితే నడుం మీద చెయ్యి పెట్టుకుని ఒక చూపు చూసేది, అంతే, ఆయన గొడుగు తీసుకుని గట్టు మీదికి పోయేవాడు. నాకు చిన్నప్పుడే పోలియో వచ్చి ఎడమ కాలు సన్నబడింది. నన్ను ఏ జట్టులోనూ పెట్టుకోని రోజుల్లో, అడక్కుండానే నా చేతిలో కొడవలి పెట్టింది పెద్దక్క.

వేరుశనగ చేలో కలుపు తీయడం ఎలాగో తెలియనివాళ్ల కోసం చెబుతాను. ఒక్కొక్కరిదీ ఒక్కో సాలు. అందరూ వరసగా కూర్చుని, జరుగుతూ జరుగుతూ అవతలి గట్టు చేరాలి. ముందుండే మనిషి పాట ఎత్తుకుంటుంది, మిగిలినవాళ్లు అందుకుంటారు. ఎవరైనా వెనకబడితే రైతు కంట్లో పడుతుంది, మరుసటి రోజు ఆమెకు పిలుపు ఉండదు. అందుకని మా జట్టులో ఒక పద్ధతి. ఎవరైనా వెనకబడగానే పెద్దక్క తరువాతి చరణం ఎత్తుకోకుండా "ఓ..." అని సాగదీసేది. అందరం ఆ ఓ అందుకుని, చేతులు నెమ్మది చేసేవాళ్లం. అటుపక్కా ఇటుపక్కా ఉన్నవాళ్లు వెనకబడినామె సాలులో తలా ఒక చెయ్యి వేసేవాళ్లు. ఆమె వరసలోకి రాగానే పాట మళ్లీ కదిలేది. గట్టు మీద కూర్చున్న రైతుకు అది పాటలాగే వినిపించేది. ఎవరు వెనకబడ్డారో ఆయనకు ఎన్నడూ తెలిసేది కాదు.

మా జట్టులో ఆ ఓ ఎవరికోసమో వేరే చెప్పాలా? పది సార్లు సాగితే తొమ్మిది సార్లు నాకోసమే.

ఒక శ్రావణంలో శ్రీనివాసులు రెడ్డి చేలో ఉన్నాం. మబ్బులు ఊరిస్తూ వచ్చి పోతున్నాయి, చినుకు లేదు. అప్పుడు పెద్దక్క ఎవరి దగ్గరా నేర్చుకోని పాట ఒకటి ఎత్తుకుంది. మబ్బు మీద కోపంతో అప్పటికప్పుడు నోటికి వచ్చిన పాట.

"ఆడ పోయి కురిసేకంటే ఈడ కురిస్తే ఏమి మబ్బా,
కొండమింద కురిసేకంటే చేనిమింద కురువు మబ్బా..."

రెడ్డి కొడుకు ప్రతాప్ అప్పుడు అనంతపురంలో ఇంజనీరింగ్ చదువుతున్నాడు. భుజాన గిటారు లేకుండా కనిపించేవాడు కాదు, వాళ్ల నాయనకు అదొక తలనొప్పి. ఆ రోజు కూలోళ్లకు మజ్జిగ తెచ్చినవాడల్లా పాట విని అక్కడే నిలబడిపోయాడు. అక్కా, ఫోన్‌లో పట్టుకుంటాను, ఇంకోసారి పాడమని బతిమాలాడు. పెద్దక్క పాడింది. సరిగ్గా రెండో చరణం ముందు నా సాలులో గరిక దుబ్బొకటి అడ్డం పడింది. పీకుతాను, రాదు. కోస్తాను, తెగదు. పెద్దక్క ఓరకంట చూసి "ఓ..." అని పట్టుకుంది, అందరూ అందుకున్నారు. ఆ దుబ్బు ఊడివచ్చి నేను వరసలో కలిసేదాకా ఆ ఓ అలాగే సాగింది. ఫోన్‌లో అదంతా పడింది.

తరువాత ప్రతాప్, డ్రమ్ములు కొట్టే అతని స్నేహితుడు ఓబిలేష్, ఇంకో ఇద్దరూ కలిసి 'ఎర్రదుమ్ము' అని రాక్ బ్యాండు పెట్టుకుని ఆ పాటను చేశారు. మొదట పెద్దక్క గొంతు, వెనక చేలో గాలి చప్పుడు. ఆ తరువాత గిటార్లు ఉరిమినట్టు మీదపడతాయి. రెండో చరణం ముందు అన్నీ టక్కున ఆగిపోతాయి. ఓ... ఒక్కటే ఉంటుంది. మళ్లీ డ్రమ్ము దెబ్బ. ప్రతాప్ ఫోన్ తెచ్చి మా జట్టుకు వినిపించినప్పుడు నేను నోరు వెళ్లబెట్టాను. ఆ పిల్లలు ఆ ఓ ని పాటలో భాగమనుకుని, నేను గరిక దుబ్బుతో కుస్తీ పట్టినంతసేపూ కొలిచి మరీ పెట్టుకున్నారు! నేను నోరు తెరవబోతే పెద్దక్క నా తొడ గిల్లింది.

"గమ్మునుండవే. చెప్పినావంటే రేపు వాళ్ల నాయన నిన్ను పనికి పిలవడు," అంది చెవిలో.

సరేనని నోరు మూసుకున్నాను. పాట మాత్రం నోరు మూసుకోలేదు. కాలేజీల్లో పాడారు, ఫోన్లలోకి ఎక్కింది, ఆటోల్లో మోగింది. పాట కింద పెద్దక్క పేరు వేశాడు ప్రతాప్, అది ఒప్పుకోవాలి. ఆ తరువాత ఎవరికి వాళ్లు పాడుకోవడం మొదలుపెట్టారు. కణేకల్ పెళ్లి బ్యాండువాళ్లు సన్నాయి మీద వాయించారు. కాలువ నీళ్లు పారే ఊరివాళ్లకు మబ్బుతో ఏం పనో నాకు అర్థం కాలేదు గానీ, బాగా వాయించారు. మడకశిర వైపు ఒక జాతరలో కన్నడంలో పాడారు, మబ్బును మోడమన్నారు, ఓ మాత్రం ఓ గానే ఉంచారు. మా చర్చి పిల్లలు మాటలు మార్చి క్రిస్మస్‌కు పాడితే, ఓ దగ్గర నాకు నవ్వు ఆగక పాస్టరమ్మ చేత చూపుల దెబ్బలు తిన్నాను. వినాయకుడి ఊరేగింపులో డీజేవాడు ఆ ఖాళీలో సైరను మోగించాడు. వాడితో నేను నడిరోడ్డు మీద పోట్లాడాను, ఇప్పటికీ తప్పనుకోను.

ఎవరు పాడినా ఎట్లా మార్చినా, ఆ చోట అంతే సేపు ఆగేవాళ్లు. ఒకసారి టీవీ పోటీలో పట్నం అమ్మాయి ఎంత బాగా పాడిందంటే నాకే ఏడుపు వచ్చింది. ఆమె కూడా అక్కడ సరిగ్గా గరిక దుబ్బంత సేపు ఆగింది. అంతా అయ్యాక జడ్జి, ఇది ఎవరు కట్టారో తెలియని జానపదం అన్నాడు. నేను టీవీ మీదికి లేచాను. పెద్దక్క మాత్రం పమిట నోట్లో కుక్కుకుని నవ్వింది. నువ్వు వెనకబడింది దేశమంతా తిరుగుతాండాది, ఇంకేం కావాలే నీకు అంది. నిజంగానే గర్వంగా ఉండేది నాకు. నడవలేని నా కాలు ఎన్ని ఊళ్లు తిరిగిందో!

అలాంటి పెద్దక్కకు పోయినేడు పక్షవాతం వచ్చింది. కాలూ చెయ్యీ కొంచెం కొంచెంగా కుదురుకున్నాయి. నోరు మాత్రం ఒక పక్కకు లాగి, మాట ఆలస్యంగా రావడం మొదలైంది. లోపల మాట తయారుగా ఉంటుంది, బయటికి రాదు. ఎదుటివాళ్లు ఓపిక లేక ఆమె మాట వాళ్లే పూర్తి చేసేవాళ్లు. దాంతో ఆమె మాట్లాడటమే మానేసింది. అంత గొంతు గల మనిషి గోడకానుకుని కూర్చుంటే నాకు చూడబుద్ధయ్యేది కాదు.

ఈ ఏడు ఎర్రదుమ్ము బ్యాండు పెట్టి పదేళ్లయిందని అనంతపురంలో పెద్ద కచేరీ పెట్టుకున్నారు. ప్రతాప్ ఇంటికొచ్చి పెద్దక్క ముందు నేల మీద కూర్చున్నాడు. ఆ పాట నువ్వే పాడాలమ్మా, ఒక్క చరణమైనా చాలన్నాడు. పెద్దక్క చాలాసేపు మాట కూడగట్టుకుంది.

"నాతో కాదప్పా. నేను... వెనకబడతా. అంతమందిలో పాట చెడిపోతాది."

నాకు ఎక్కడలేని కోపం వచ్చింది. నువ్వు వెనకబడితే చెడిపోతుందా, అని అరిచాను. మరి ఆ పాటలో ఉన్నదేమిటి, నేను వెనకబడింది కాదా అన్నాను. అంతే, ఇన్నేళ్లు దాచిన మాట బయటపడింది. ప్రతాప్ అయోమయంగా చూశాడు. ఇక దాచేదేముందని చేను, సాలు, గరిక దుబ్బు, వాళ్ల నాయన గొడుగుతో సహా మొత్తం చెప్పేశాను. అతను మొదట నమ్మలేదు. తరువాత పడీపడీ నవ్వాడు. నవ్వుతూనే కళ్లు తుడుచుకుని, మా నాయనకు ఇన్నేళ్లూ భలే టోపీ పెట్టినారే మీరంతా అన్నాడు. పెద్దక్క మాత్రం తల అడ్డంగానే ఊపింది. వచ్చి కూర్చుంటాను, పాడమని అడగొద్దు అని మాట తీసుకుంది.

కచేరీకి మా జట్టు మొత్తం ఆటోల్లో పోయాం. మమ్మల్ని ముందు కుర్చీల్లో కూర్చోబెట్టారు. మైదానమంతా జనం. చివర్లో పెద్దక్క పాట వంతు వచ్చింది. ప్రతాప్ మాట మీద నిలబడ్డాడు, పాడమనలేదు. ఈ పాట కట్టిన మనిషి ఇక్కడే ఉందని చెప్పి, కిందికి దిగి ఆమె చేతిలో మైకు పెట్టి, ఊరికే పట్టుకో అమ్మా అన్నాడు. గిటారు మొదలైంది. పెద్దక్క కాసేపు మైకు వంక చూసింది. ఏమనిపించిందో ఏమో, లేచి నిలబడి ఎత్తుకుంది.

"ఆడ పోయి... కురిసేకంటే..."

జనం ఒక్కసారిగా హోరెత్తారు. గొంతు వణికింది గానీ అదే గొంతు. మొదటి చరణం ఎలాగో దాటింది. పాట ఆగే చోటు వచ్చింది. బ్యాండు ఎప్పుడూ ఆగినంతసేపు ఆగింది, ఓబిలేష్ అలవాటు కొద్దీ డ్రమ్ము మీద దెబ్బ వేశాడు. పెద్దక్క నోరు తెరిచే ఉంది, రెండో చరణం మాట రాలేదు. డ్రమ్ము ముందుకు పోతోంది, ఆమె వెనకే ఉండిపోయింది. పెదవి ఒక పక్కకు లాగుతోంది. కళ్లలో నీళ్లు తిరిగాయి. మైకు దించబోయింది.

నా గొంతు మంచిది కాదు, మా చర్చిలో అందరికీ తెలుసు. అయినా కుర్చీ పట్టుకుని లేచి "ఓ..." అన్నాను. పక్కన మా జట్టు అందుకుంది. ప్రతాప్ వెనక్కి తిరిగి రెండు చేతులూ పైకెత్తాడు, డ్రమ్ము ఆగింది, గిటార్లు ఆగాయి. అతనూ ఓ అన్నాడు. మా వెనక కూర్చున్నవాళ్లు అన్నారు. వాళ్ల వెనక నిలబడ్డవాళ్లు అన్నారు. కాలేజీ పిల్లలు, ఆటోవాళ్లు, బందోబస్తుకు వచ్చిన పోలీసులు, మైదానం మైదానమంతా ఒకటే ఓ. ఒకరి ఊపిరి అయిపోతే ఇంకొకరు అందుకున్నారు. ఎవ్వరూ ఆమె మాట పూర్తి చేయలేదు. ఎవ్వరూ ముందుకు పోలేదు. ఆమె సాలులో అందరం తలా ఒక చెయ్యి వేశాం.

పెద్దక్క కళ్లు తుడుచుకుంది. నింపాదిగా నడుం మీద చెయ్యి పెట్టుకుంది. ఆ ఓ లోపలినుంచి తన మాట తాను తీసుకుని రెండో చరణం ఎత్తుకుంది. గట్టు చేరేదాకా పాడింది.

తిరిగి వచ్చేటప్పుడు ఆటోలో ఆమె నా చెయ్యి వదల్లేదు. మాట కోసం వెతుక్కుంటోందని తెలిసి ఊరికే కూర్చున్నాను. ఊరి మలుపు దగ్గర మాట వచ్చింది.

"ఏమే కృపా... ఆ ఓ ఎంతసేపు పట్టినారే?"

"నువ్వు వచ్చేదాకా," అన్నాను.

ఆ కచేరీ వీడియో ఇప్పుడు అందరి ఫోన్లలో ఉంది. కణేకల్ పెళ్లి బ్యాండువాళ్లు పద్ధతి మార్చారు. మా చర్చి పిల్లలూ మార్చారు. మొన్న మడకశిర బస్సులో కాలేజీ ఆడపిల్లలు పాడుతుంటే విన్నాను. ఓ దగ్గర ఆగారు. గరిక దుబ్బంత సేపు అయిపోయింది, నేను రెండో చరణం కోసం పెదవి కదిపాను. వాళ్లు ఇంకా ఆగే ఉన్నారు. ఒకరి తరువాత ఒకరు ఊపిరి అందుకుంటూ, ఆ రోజు పెద్దక్క రావడానికి పట్టినంతసేపూ ఆగారు.

ఎవరికోసం ఆగుతున్నారమ్మా అని అడిగాను. ఒకమ్మాయి నన్ను ఏమీ తెలియనిదాన్ని చూసినట్టు చూసి, "పెద్దక్క కోసం," అంది.