మా పాల సంఘానికి కాపలా వచ్చిన పోలీసాయన

మొన్న పొద్దున పాల లారీ డ్రైవరు క్యాన్లు ఎక్కిస్తూ చెప్పాడు: "అవ్వా, మన పోలీసాయన పోయినాడంట. చంద్రగిరిలో. నిద్దర్లోనే." చేతిలో చెంబు కింద పెట్టేశాను.

సాయంత్రానికి మా సంఘం పాత ప్రెసిడెంటు అంగడి దగ్గర నలుగురిని పోగేసి, ఆయన లేకుంటే తన ప్రాణం ఎప్పుడో పోయేదని కండువాతో కళ్ళు ఒత్తుకున్నాడట. చచ్చిన మనిషిని కూడా తన కాపలాకే వాడుకుంటున్నాడు! అందుకే ఇది చెబుతున్నాను. నాకు అక్షరం ముక్క రాదు, మనవరాలు రాస్తోంది. నేను తిట్టిన చోట తిట్టు తీసేయొద్దని దానికి ముందే చెప్పాను.

మా సంఘంలో పాలు పోసేది ఆడవాళ్ళం, పెత్తనం మగవాళ్ళది. పోలీసాయన వచ్చిన ఏడు సభలో అందరం చేతులెత్తి ప్రెసిడెంటును దించి ఇంకొకడిని ఎక్కించాం. దిగినవాడు దిగనన్నాడు. సంఘం గదికి బీగం వేశాడు. ఎక్కినవాడు తక్కువ తిన్నాడా? దాని పక్కనే తనదీ ఒకటి తగిలించాడు. బర్రెకు ఏ పక్క కూర్చుని పితకాలో ఇద్దరికీ తెలియదు. క్యాన్లన్నీ లోపల. లారీ వస్తోంది, ఖాళీగా పోతోంది. విరిగిన పాలు కుడితి తొట్టిలో పోశాం.

దిగినవాడు అంతటితో ఆగక, సభ్యుల వల్ల ప్రాణభయం ఉందని అర్జీ పెట్టి పోలీసును తెచ్చుకున్నాడు. చెంబు పట్టుకుని చేలోకి పోయినా వెనక పోలీసు ఉండాల్సిందే. అంత విలువైన ప్రాణం మా జిల్లాలో ఇంకోటి లేదు మరి!

వచ్చినాయన యాభై దాటిన మనిషి. మొదటి రోజే అడిగేశాను. "ఏమప్పా, ముసిలోళ్ళ చేతిలో పాలచెంబు సూసి జడుసుకున్నాడా మీ దొర?"

"దొర కాదులేక్కా. నాకు అప్పజెప్పిన మూట," అన్నాడు.

మధ్యాహ్నం మా పంచలో తినేవాడు. బూట్లు విప్పి, గుడ్డతో దుమ్ము తుడిచి, బయట పక్కపక్కన పెట్టి గానీ లోపలికి అడుగు పెట్టడు. పాలిస్తే తాగడు. "అవి పిల్లోళ్ళకు పొయ్యక్కా. నాకు నీళ్ళ మజ్జిగ సాలు." తిన్నావా అని ఆ ప్రెసిడెంటు ఒక్కపూట అడిగిన పాపాన పోలేదు.

ఇట్లాంటివాడికి కాపలా కాయడానికి సిగ్గు లేదా అని ఒకరోజు కడిగేశాను. ఆయన నిదానంగా అన్నాడు: "ఆర్డరు యాడిదాకా ఉంటే ఆడిదాకా పోలీసునక్కా. ఆపైన నేనూ మనిషినే." తప్పించుకునే మాట అనుకున్నాను.

ఇంకొక్క రోజు ఖాళీగా పోతే ఈ ఊరు దారి మానేస్తామని లారీ డ్రైవరు చెప్పేశాడు. మర్నాడు పొద్దున్నే ఆడవాళ్ళమంతా పాలతో వచ్చాం. నా చేతిలో గడ్డపార. ప్రెసిడెంట్లు ఇద్దరూ గది ముందే ఉన్నారు.

"ఏంది సూస్తా ఉండావు? తరుము వాళ్ళను!" పాతవాడు అరిచాడు.

పోలీసాయన జేబులోంచి కాగితం తీసి మడతలు విప్పి చూశాడు. "ఈడ తమరి ప్రాణానికి రక్షణ అని ఉండాది సార్. బీగం మాట లేదు." గదికి వీపు తిప్పి, వాడి ముఖంలోకి చూస్తూ నిలబడ్డాడు. "కదలొద్దు సార్. తమరికేమన్నా అయితే నా ఉద్యోగం పోతాది."

ఆ వీపు వెనక మేం బీగాలు పగలగొట్టాం. కొత్తవాడు లబోదిబోమన్నాడు. "నా బీగమెందుకవ్వా? నేను మీవాణ్ణి కదా!"

"మావాడివైతే బీగమెందుకు ఏసినావురా?" అన్నాను. అంత చప్పుడుకూ పోలీసాయన తల తిప్పలేదు.

క్యాన్లు బయటికి తెచ్చి పాలు నింపేసరికి లారీ హారన్ కొడుతోంది. ఆఖరి క్యాను ఇద్దరం పట్టినా లేవలేదు. అప్పుడు ఆయన ప్రెసిడెంటును అడిగాడు: "సార్, తమరి ప్రాణం బాగుండాది కదా?" వాడు కండువా సర్దుకున్నాడు. పోలీసాయన వచ్చి క్యానుకు భుజం పెట్టాడు. మూత జారి పాలు ఖాకీ చొక్కా మీద ఒలికాయి. అయినా వదలకుండా ఎక్కించాడు. లారీ కదిలింది.

ఆ వారమే ఆయన్ను ఎక్కడో అడవి పక్క స్టేషనుకు మార్చేశారు. దానికి అర్జీ పెట్టింది అంగడి దగ్గర కళ్ళు ఒత్తుకున్న ఈ పెద్దమనిషే. ఆ ముక్క మాత్రం అక్కడ చెప్పలేదు.

ఆ రోజు లారీ పోయాక ఆయన మళ్ళీ వెళ్ళి ప్రెసిడెంటు ముందు నిలబడ్డాడు. బొత్తాల మీదుగా, బెల్టు మీదుగా పాలు కారుతున్నాయి. ఎండెక్కింది, చొక్కా అట్ట కట్టింది, ఈగలు ముసిరాయి. డ్యూటీ దిగేదాకా ఒక్క ఈగను కూడా తోలుకోలేదు.